ఎడంచేతి తాడు

టీ గ్లాసుల మధ్య తాడు పెట్టింది రోషన్ బీ.

నేల మీద పరిచిన దస్తర్‌ఖాన్ మీద రొట్టెలున్నాయి, కోడిగుడ్డు పొరటు ఉంది, తమ్ముడు నయీమ్ పోయిన వారం తెచ్చిచ్చిన ఖర్జూరాల డబ్బా ఉంది. వాటి నడుమ చుట్టచుట్టిన తాడు, దానికి వేలాడే ఇత్తడి గంట. గంట నేలకు తగిలి ఒక్కసారి మోగి ఊరుకుంది.

రొట్టె తుంచబోయిన ఖాజావలి చెయ్యి ఆగింది. తాడు వంక చూశాడు తప్ప పెళ్ళాం వంక చూడలేదు.

"యాడ దొరికింది?"

"నువ్వు పెట్టిన చోటే. బియ్యం మూట వెనకాల, దాణా సంచీలో."

ఇదేమిటని అడగలేదు. ఎవరిదని అడగలేదు. ఎక్కడ దొరికిందని అడిగాడు. రోషన్ బీ ఆ మాటను మనసులో ఒక పక్కన పెట్టుకుంది. తెల్లవారి నమాజుకు లేచి బియ్యం మూట జరిపినప్పటి నుంచి ఆమె ఇలాంటివే ఏరుకుంటోంది. మెహక్ స్కూలు వ్యాను ఎక్కేదాకా నోరు మెదపలేదు. ఆరేళ్ళ పిల్ల ముందు ఈ గొడవ వద్దనుకుంది. ఇప్పుడు పిల్ల లేదు. కింద రియాద్ బతా వీధిలో దుకాణాల షట్టర్లు ఒక్కొక్కటే లేస్తున్నాయి.

"కంపెనీది" అన్నాడు ఖాజావలి. "ఎద్దెక్కే కొత్త రైడర్ వచ్చినాడు. జాగ్రత్తగా పెట్టమంటే తెచ్చినా."

"ఏ ఊరోడు?"

"బ్రెజిల్ వాడు."

"పేరు?"

ఖాజావలి ఎడంచేత్తో గ్లాసు తీసుకుని టీ తాగాడు. ఒక పేరు చెప్పడానికి పట్టే సేపు కన్నా చాలా ఎక్కువసేపు తాగాడు.

"నోరు తిరగదు ఆ పేరు."

"మూడేండ్లు ఆ బ్రెజిల్ వాళ్ళతోనే తిరిగినావు. వాళ్ళ పేర్లు నిద్దట్లో గూడా కలవరిస్తా ఉంటివి. ఈ ఒక్క పేరుకే నోరు తిరగలేదా?"

అతను రొట్టె ముక్క తుంచి పక్కన పెట్టాడు.

"రైడర్ అనేవాడు తన తాడు ఇంకొకడి చేతికి ఇయ్యడని నాకు చెప్పింది ఎవురు? నువ్వే గదా. తోడబుట్టిన తమ్ముడికి గూడా ఇయ్యరంటివి. ఆ బ్రెజిల్ వాడు నీకు ఇచ్చినాడు, నువ్వు తెచ్చి నా బియ్యం మూట వెనక పెట్టినావు. నేను నమ్మల్ల."

ఖాజావలి గోడ వైపు చూశాడు. అక్కడ మేకుకు, గెలిచినవాడికిచ్చే బెల్టు బిళ్ళలు మూడు వేలాడుతున్నాయి. ఒక్కొక్కటి చిన్న చెంబు మూతంత ఉంటుంది. ఒక్కొక్క బిళ్ళ ఒక చలికాలం.

పదకొండేళ్ళ కిందట సౌదీలోని ఉనైజా దగ్గర తోటలో పశువులు కాసే పనికి వచ్చాడు ఖాజావలి. చంద్రగిరి పక్క పల్లెల్లో పశువుల పండగకు ఎద్దుల కొమ్ములకు పలకలు కట్టి వీధిలోకి వదిలితే, వాటి మీదికి దూకి పలకలు లాక్కొచ్చే కుర్రాడిగా అతనికి పేరుండేది. ఇక్కడ ఆ సంగతి ఎవరికీ తెలియదు. ఒక చలికాలం వినోదాల కంపెనీ వాళ్ళు ఆ తోటలోనే రోడియో ఎద్దుల్ని కట్టేశారు. ఆట మొదలయ్యే ముందురోజు ఒక రైడర్ భుజం ఎముక విరిగింది. మేనేజరు నవ్వులాటకు, నువ్వెక్కుతావా అని గడ్డి వేస్తున్న ఖాజావలిని అడిగాడు. ఒంటిచేత్తో తాడు పట్టుకోవాలి, రెండో చెయ్యి ఎద్దుకు తగలకూడదు, ఎనిమిది సెకండ్లు నిలవాలి. అంతే నియమం. ఖాజావలి నిలిచాడు. మరుసటి రోజు రియాద్ మైదానంలో జనం లేచి నిలబడి హిందీ, హిందీ అని, అంటే ఇండియావాడని, అరిచారు. ఆ తర్వాత వరుసగా మూడేళ్ళు ఛాంపియన్ అతనే.

ఆ మూడేళ్ళూ అతను పట్టిన ప్రతి తాడూ రోషన్ బీ అల్లింది. ఆమె తండ్రి పీరయ్య పీలేరు సంతలో పగ్గాలు, తలుగులు, మూకుతాళ్ళు అమ్మినవాడు. ఆమె బతాలో నైలాను, నార కొనుక్కొచ్చి, కిటికీ ఊచకు కట్టి, కాలి బొటనవేలితో బిగించి అల్లేది.

పోయిన చలికాలం ఫహమ్ వచ్చింది. ఫహమ్ అంటే బొగ్గు. ఆ నల్లెద్దు ఖాజావలిని ఆరో సెకండులో విసిరేసింది. విసిరేసినా అతను కింద పడలేదు. కుడిచెయ్యి తాడులో ఇరుక్కుపోయింది. సగం మైదానం అలాగే ఈడ్చుకుపోయింది.

ఆసుపత్రి నుంచి వచ్చిన రోజు రోషన్ బీ ఆ తాడును వంటింట్లో కూర్చుని ముక్కలు ముక్కలుగా కోసేసింది. మళ్ళీ ఎద్దెక్కనని మొగుడి చేత ఒట్టు వేయించుకుంది. కుడిచేతికి కట్టు ఉంది కాబట్టి ఎడంచెయ్యి మెహక్ తల మీద పెట్టి వేశాడు.

ఎడంచేత్తో వేసిన ఒట్టు ఒట్టే కాదనుకున్నాడేమో. ఈ తెల్లవారి నుంచి ఆమెను తొలుస్తున్నది ఆ అనుమానమే. ఎందుకంటే రేపు శుక్రవారం. రేపు సాయంత్రం ఈ ఏటి చివరి పోటీ.

తలుపు తట్టిన చప్పుడైంది.

ఇద్దరూ ఒకేసారి తాడు వైపు చూశారు. రోషన్ బీ పక్కనున్న తువ్వాలు తీసి దాని మీద కప్పింది. ఎందుకు కప్పిందో ఆమెకే తెలియలేదు. మొగుడి మీద ఎంత కోపమున్నా, అది బయటివాళ్ళ కంట పడకూడదని చేతులు వాటంతట అవే కదిలాయి.

వచ్చింది పక్క ఫ్లాటు ఖాసింబీ. చింతపండు కావాలని వచ్చింది. ఇచ్చినా పోలేదు. గడపలో నిలబడి, మీ ఆయన వారం వారం ఉనైజాకు పోతున్నాడంట కదా, ఎద్దులకు గడ్డెయ్యడానికి అంత దూరం ఇంత శ్రద్ధగా ఎవరు పోతారమ్మా అంది. పోయిన బుధవారం వ్యాను ఎక్కేటప్పుడు మా ఆయన చూశాడనీ, అత్తరు గుమగుమలాడుతోందట అనీ, ఒంటరిగా ఏమీ లేడట అనీ చెప్పి, నేనేదో మాటవరసకన్నా అని నవ్వి వెళ్ళింది.

రోషన్ బీ తలుపు వేసి వచ్చి కూర్చుంది.

"ఎవురుండారు వ్యానులో?"

"ఆమె మాటలు పట్టుకుంటావా?"

"ఆమె మాటలు కాదు. నువ్వు చెప్పని మాటలు పట్టుకుంటా ఉండా."

ఆ మాటకు అతను నవ్వబోయాడు. నవ్వు సగంలో ఆగింది. ఆమె తువ్వాలు తీసి తాడు చేతిలోకి తీసుకుంది. తోలు కుట్టిన పిడి దగ్గర వేళ్ళు పెట్టి అతని ముఖం ముందుకు జరిపింది.

"ఇది ఎడంచేతి తాడు."



ఎద్దు రొమ్ము చుట్టూ తిప్పిన తాడు కొస ఏ పక్కనుంచి అరచేతిలోకి వస్తుందో దాన్నిబట్టి పిడి అల్లుతారు. కుడిచేతి వాడికి అల్లింది ఎడంచేతి వాడికి పనికిరాదు. ఖాజావలికి ఎప్పుడూ కుడిచేతి తాడే. ఆమె అల్లిన పదీ పన్నెండూ కుడిచేతివే.

గ్యాసు పొయ్యి మీద టీ మరుగుతోంది. రోషన్ బీ లేచి వెళ్ళి, అంచుదాకా నింపిన గ్లాసును కొంగు చివరతో పట్టుకుని తెచ్చింది. కొంగులోంచే వేళ్ళు కాలాయి. మొగుడి ముందు నిలబడి, అతని కుడిచేతి వైపు చాచింది.

"పట్టుకో."

అతను పట్టుకున్నాడు. కుడి అరచేయంతా గ్లాసు చుట్టూ వేసి పట్టుకున్నాడు. ఏం చెప్పి ఈ పూట గడపాలా అని ఆలోచిస్తూ అలాగే ఉన్నాడు. రోషన్ బీ నిలబడి చూస్తోంది. ఒకటి, రెండు, మూడు. అతని మైదానంలో లెక్కపెట్టినట్టే లోపల లెక్కపెట్టుకుంది. ఎనిమిది దాకా వచ్చింది. ఖాజావలి ముఖంలో ఏ మార్పూ లేదు.

గ్లాసు మెల్లగా అతని చేతిలోంచి తీసేసింది. అరచెయ్యి ఎర్రగా కమిలి ఉంది. అప్పుడు చూసుకున్నాడు అతను.

"ఎన్నాళ్ళయింది?" అంది.

కింద వీధిలో ఎవరో మలయాళంలో బేరమాడుతున్నారు. ఎక్కడో కారు హారన్ కొట్టి కొట్టి ఆగింది.

"పడిన కాడ్నుంచి" అన్నాడు ఖాజావలి. "బొటనవేలికి కొంచెం తెలుస్తాది. మిగతా వాటికి ఏమీ తెలీదు."

"డాక్టరు బాగుందని రాసిచ్చినాడంటివే."

"బాగుందని నేనే చెప్పినా. రాసిచ్చినాడు."

తర్వాతిదంతా అతను తల వంచుకునే చెప్పాడు. కంపెనీకి తెలిస్తే తనతో పనిలేదు. ఎక్కలేనివాడికి, ఎద్దును గట్టిగా పట్టి కట్టలేనివాడికి ఇఖామా, ఇక్కడ ఉండే పర్మిట్, ఎందుకు తిరిగి రాస్తారు? పాస్‌పోర్టులో ఎగ్జిట్ కొట్టి ఊరికి పంపేస్తారు. మెహక్ చదువు మధ్యలో ఆగుతుంది. ఊరికి పోయి ఏం చేస్తాడు, ఈ చేత్తో గొడ్డలి పడతాడా, నాగలి పడతాడా? ఈ ఏడు పోటీలో తన వైపు నుంచి ఒకడు నిలిస్తే, రైడర్లకు నేర్పేవాడిగా పెట్టుకుంటానని మేనేజరు మాటిచ్చాడు.

రోషన్ బీకి వింటున్నకొద్దీ జాలి కలగాల్సింది. కలగలేదు. ఏడాదిపాటు పక్కనే పడుకుని, పక్కనే తిని, ఒక చెయ్యి చచ్చిపోయిన సంగతి దాచినవాడు ఇంకేం దాచలేడు?

"అందుకని ఎడంచేత్తో ఎక్కబోతుండావు" అంది.

"లేదు."

"రేపు ఎక్కుతావు."

"ఎక్కను, రోషన్. మెహక్ మీద ఒట్టేసినా. ఎడంచెయ్యి అయినా కుడిచెయ్యి అయినా, నేను ఎక్కను."

మొదటిసారి ఆమె కళ్ళలోకి సూటిగా చూసి అన్నాడు. పన్నెండేళ్ళ కాపురంలో అతని అబద్ధాలన్నీ ఆమెకు తెలుసు. అబద్ధమాడేటప్పుడు గోడకేసి చూస్తాడు, నీళ్ళు తాగుతాడు, చెప్పిందే మళ్ళీ చెబుతాడు. ఇది అబద్ధం కాదు.

అబద్ధం కాదని తెలిశాకే ఆమెకు మిగతాది తట్టింది. అతను ఎక్కడు. కానీ అతని వైపు నుంచి ఒకడు నిలవాలి.

తాడును ఒళ్ళోకి లాక్కుంది. తెల్లవారి నుంచి పిడి చూసింది కానీ అల్లిక చూడలేదు. తొమ్మిది పాయల జడ. బిగువుగా, ఎక్కడా వదులు లేకుండా అల్లారు. స్పర్శ లేని చెయ్యి ఇంత బిగువు తేలేదు. ఖాజావలి అల్లింది కాదు. కొస దాకా వేళ్ళతో తడుముతూ వెళ్ళింది. కొసలో ముడి లేదు. పాయల చివర్లను వెనక్కి తిప్పి, ఒకటి విడిచి ఒకటి కింద నుంచి దూర్చి, జడలోపలే దాచేశారు.

అది పీరయ్య పద్ధతి. సంతలో మిగతావాళ్ళంతా ముడి వేసేవారు. ముడి ఎద్దు మెడకు ఒరుసుకుంటుందని ఆమె తండ్రి మాత్రం ఇలా దాచేవాడు. ఆ దాచడం ముగ్గురికే తెలుసు. తండ్రి పోయి తొమ్మిదేళ్ళయింది. రెండోది తను.

ఆమె చూపు ఖర్జూరాల డబ్బా మీద పడింది. కఫీల్ ఇంట్లో ఇచ్చారక్కా అని నయీమ్ యజమాని పేరు చెప్పి తెచ్చిన డబ్బా. మూత మీద అరబ్బీలో తోట పేరు, దాని కింద ఊరి పేరు. ఖురాను చదివే కళ్ళకు ఆ అక్షరాలు కూడబలుక్కోవడం కష్టం కాలేదు. ఉనైజా.

"వ్యానులో ఎవురుండారు?" అని మళ్ళీ అడిగింది.

ఖాజావలి గోడకేసి చూశాడు.

పదకొండున్నర దాటాక నయీమ్ వచ్చాడు. ఇరవై నాలుగేళ్ళవాడు. రియాద్‌లో ఒక పెద్దింటి కారు నడుపుతాడు. తల్లి పోయినప్పుడు వాడికి నాలుగేళ్ళు. రోషన్ బీ చంకనెత్తుకుని పెంచింది. బావతో కంపెనీలో చిన్న పనుందని, మధ్యాహ్నం మూడింటి అసర్ నమాజు వేళకు అక్కడుండాలని, అంతలోపల అక్క చేతి సంగటి తినాలనిపించి ముందే వచ్చాననీ గడప దాటుతూనే వాగడం మొదలుపెట్టాడు. గదిలో ఎవరూ నవ్వకపోయేసరికి ఆగాడు.

"ఏందక్కా, బస్సులో ముక్కూమొగం తెలీనోళ్ళు కూసున్నట్టు ఇద్దురూ ఆ పక్కొకరు ఈ పక్కొకరు?"

రోషన్ బీ తాడు చాచింది.

"ఇది కొంచెం పట్టుకో."

"రోషన్" అన్నాడు ఖాజావలి.

అప్పటికే ఆలస్యమైంది. నయీమ్ ఎడమ అరచెయ్యి పైకి తిప్పి పిడి కింద దూర్చాడు. కుడిచేత్తో కొస లాగి బిగించి, అరచేతిలో పరిచి, మెటికల వెనక నుంచి ఒక చుట్టు తిప్పి వేళ్ళు మూశాడు. మూసిన వేళ్ళ మీద కుడి పిడికిలితో టక్ టక్‌మని రెండు దెబ్బలు వేసుకున్నాడు. పట్టు కుదరడానికి రైడర్లు వేసుకునే దెబ్బలు అవి. వందసార్లు వేసుకున్నవాడు తప్ప ఇంత తొందరగా వేసుకోడు.

అప్పుడు తలెత్తి అక్క ముఖం చూశాడు.

చిన్నప్పుడు వాడు ఎడంచేత్తో ముద్ద ఎత్తితే తండ్రి ఆ చేతికి తలుగు కట్టి మంచం కోడుకు ముడివేసేవాడు. ఏడాదికి దారికొచ్చాడు. కుడిచేత్తో తిన్నాడు, కుడిచేత్తో రాశాడు. వాడిది ఎడమ వాటమన్న సంగతి ఇంట్లో అందరూ మరిచిపోయారు. కట్టుముడి వేసేటప్పుడు కన్నీళ్ళు తుడిచిన ఆమె కూడా మరిచిపోయింది. అందుకే తెల్లవారి నుంచి ఇంకొకడి చేతిని అనుమానించింది.

"ఎన్నిసార్లు ఎక్కినావు?" అంది.

నయీమ్ బావ వైపు చూశాడు. దాచి లాభం లేదన్నట్టు ఖాజావలి చేతులు ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నాడు.

"పద్నాలుగు సార్లు. తొమ్మిది సార్లు ఎనిమిదీ నిలిచినా."

"నీ కఫీల్‌కు తెలుసునా?"

వాడు తల అడ్డంగా ఊపాడు.

"బావను ఏమీ అనద్దక్కా. నేనే అడిగినా" అన్నాడు నయీమ్. "మాల్ ముందర కారులో కూసోని కూసోని నడుము పట్టుకపాయె. ఆరుగంటలు కూసుంటే ఒక్క మనిషి నన్ను పేరు పెట్టి పిలవడు. ఆ ఎద్దు మీద ఎనిమిది సెకండ్లుంటే మైదానమంతా పిలుస్తాది. అది బావకు వచ్చినప్పుడు చూసినా. నాకూ రావాలనుకున్నా. తప్పా?"

తప్పని చెప్పడానికి ఆమె దగ్గర చాలా మాటలున్నాయి. అవి పక్కన పెట్టి మొగుడి వైపు తిరిగింది. ఒట్టు వేయించుకునేటప్పుడు తమ్ముడి పేరు కూడా చేర్చాల్సిందని ఎవరికి తడుతుంది? ఒకవేళ అతనికి మాత్రం అప్పుడే తట్టిందా?

"ఏ ఎద్దుకు ఎవురని చీట్లు తీసినారా?"

"నిన్న తీసినారు" అన్నాడు ఖాజావలి.

"వీడికి ఏది?"

 చెప్పింది నయీమే.

"ఫహమ్."

రోషన్ బీ తమ్ముడి చేతిని తన ఒళ్ళోకి లాక్కుంది. తాడులో ఉన్న ఆ పిడికిలిని అటూ ఇటూ తిప్పి చూసింది. పిడికీ అరచేతికీ నడుమ తన చూపుడు వేలు దూర్చబోయింది. దూరలేదు. చిటికెనవేలు పెట్టింది. గోరు దాకా పోయి ఆగింది.

"తీయి చెయ్యి" అంది.

నయీమ్ వేళ్ళు విప్పి లాగాడు. రాలేదు. మణికట్టు మెలితిప్పి ఇంకోసారి గట్టిగా లాగితే వచ్చింది. మెటికల మీద చర్మం గీసుకుపోయింది.

"ఈ పిడి యాడ నేర్చినావు?"

"నువ్వు అల్లుతుంటే చూసిందేలే అక్కా. పోయినేడు బావకు అల్లినావు చూడు, ఆఖర్న. అచ్చం అట్టనే అల్లినా. ఒక్క పోగు తేడా లేదు. దాన్ని ఎడం పక్కకు తిప్పినా, అంతే." వాడి గొంతులో గర్వముంది. "ఎట్టుండాది, నాయన చూసుంటే మెచ్చుకుండునా?"

రోషన్ బీ వేళ్ళు పిడి మీది కుట్టు మీద ఆగాయి.

పోయినేడు ఆఖరి తాడుకు పిడి బిగించేటప్పుడు మెహక్‌కు జ్వరం. పిల్ల ఏడుస్తుంటే, వేలు పట్టే సందుందా అని కొలవకుండానే కుట్టు ముగించింది. ఫహమ్ మైదానంలో మొగుణ్ణి ఈడ్చినప్పుడు ఆమెకు మొదట గుర్తొచ్చింది ఆ కుట్టే. అందుకే ఆ తాడును ఎవరూ చూడకముందు ముక్కలు చేసింది. కోపంతో కోసిందని అందరూ అనుకున్నారు. ఏడాదిగా ఆమె ఎవరికీ చెప్పని సంగతి అదొక్కటే. ఇప్పుడు ఆ సంగతే, ఒక్క పోగు తేడా లేకుండా, తమ్ముడి చేతిలో ఉంది.

తలెత్తేసరికి ఖాజావలి ఆమెనే చూస్తున్నాడు. తాడును చూసి, నయీమ్ మెటికల మీది గీతను చూసి, మళ్ళీ ఆమెను చూశాడు. ఈ పొద్దున ఆమె అతన్ని చూసిన చూపు అది. ఇప్పుడు అటు నుంచి ఇటు తిరిగింది.

"రోషన్" అన్నాడు నెమ్మదిగా. "ఆ తాడు ఎందుకు కోసినావు?"

ఆమె లేచి వెళ్ళి అలమర పైనుంచి రేకు డబ్బా దించింది. ఏడాదిగా తెరవని డబ్బా. అందులోంచి తండ్రి వాడిన దబ్బనం తీసింది. కిటికీ దగ్గర కూర్చుని తాడు కొసను ఊచకు కట్టి, పిడి మీది మొదటి కుట్టు కిందికి దబ్బనం దూర్చి పైకి లేపింది. కుట్టు పుటుక్కున తెగింది. రెండోది తెగింది.

"అక్కా, ఏం చేస్తా ఉండావు?" నయీమ్ ఒక అడుగు ముందుకేశాడు. "అసర్‌కంతా తాడు చూపించకపోతే పేరు కొట్టేస్తారు. వేరే తాడు లేదు నాకు."

ఖాజావలి చచ్చిన చేత్తోనే వాడి భుజం పట్టి ఆపాడు.

మూడో కుట్టు తెగింది. తోలు ఊడి ఆమె ఒళ్ళో పడింది. తొమ్మిది పాయలూ ఒక్కొక్కటే విడిపోతున్నాయి. ఆమె తల ఎత్తడం లేదు. వాడి చేతికి సరిపడేలా మళ్ళీ అల్లడానికి విప్పుతోందో, మళ్ళీ ఎవరూ అల్లలేకుండా విప్పుతోందో ఆ ఇద్దరు మగవాళ్ళకూ అంతు చిక్కలేదు. అడిగే ధైర్యమూ చాలలేదు.

కింద మసీదులో మధ్యాహ్నపు జుహర్ అజాన్ మొదలైంది. అసర్‌కు ఇంకా మూడు గంటలుంది. పిడి అల్లడానికి ఆమెకు ఎప్పుడూ మూడు గంటలే పట్టేది.